ఆ నీలం మాత్ర ఏమిటని ఆమె అడిగింది

1980 జూలైలో మాస్కోలో ఒలింపిక్స్ జరిగాయి. అమెరికా బహిష్కరించిన ఒలింపిక్స్ అవి. ఆ పోటీల్లో తూర్పు జర్మనీ నుండి వచ్చిన రికా రైనిష్ అనే పదిహేనేళ్ల అమ్మాయి ఈతలో మూడు బంగారు పతకాలు గెలిచింది. ఆమెది బ్యాక్‌స్ట్రోక్, అంటే వెల్లకిల ఈత. వంద మీటర్లు ఒక నిమిషం 0.86 సెకన్లలోను, రెండు వందల మీటర్లు రెండు నిమిషాల 11.77 సెకన్లలోను ఈదింది. రెండూ ప్రపంచ రికార్డులే. మూడవ పతకం జట్టుతో కలిసి ఈదిన మెడ్లీ రిలేలో వచ్చింది. అదీ ప్రపంచ రికార్డే.

మన చెరువుల్లో, కాలువల్లో ఈదే పిల్లలకు వెల్లకిల ఈత కొత్త కాదు. అలసిపోతే అలాగే తేలుతారు. పోటీల్లో మాత్రం ఇది మహా కష్టమైన విద్య. మిగతా ఈతల వారు గట్టు మీద నుండి దూకితే, వీరు నీళ్లలోనే ఉండి, గోడను కాళ్లతో తన్ని బయలుదేరాలి. ఎదుటి గోడ కనిపించదు. గోడకు ఐదు మీటర్ల ముందు నీళ్ల పైన చిన్న జెండాల తోరణం కడతారు. అది కనిపించగానే ఇక చేతులు ఎన్నిసార్లు వేయాలో మనసులో లెక్కపెట్టుకుంటూ వెళ్లాలి. ఏళ్ల తరబడి సాధన చేస్తే గాని ఆ లెక్క కుదరదు. ఈ మాట ముందే చెప్పడానికి కారణం ఉంది. ఆ అమ్మాయి కష్టం అబద్ధం కాదు. అబద్ధం ఆమె చేతిలో పెట్టిన మాత్రలో ఉంది.

ఆ మాత్ర పేరు ఓరల్ ట్యూరినాబోల్. నీలం రంగు బిళ్ల. మగవారి హార్మోను టెస్టోస్టిరాన్‌ను పోలిన మందు. కండ పెంచుతుంది, ఎక్కువసేపు సాధన చేసినా శరీరం త్వరగా కోలుకునేలా చేస్తుంది. ఎదిగే ఆడపిల్లకు ఇస్తే గొంతు బొంగురుపోవచ్చు, నెలసరి తప్పవచ్చు, ఒంటి మీద వెంట్రుకలు పెరగవచ్చు, కాలేయం దెబ్బతినవచ్చు. తూర్పు జర్మనీ ప్రభుత్వం 1974లో రహస్యంగా ఒక ప్రణాళిక వేసి మరీ తన క్రీడాకారులకు ఇటువంటి మందులు ఇప్పించింది. ఆ మందులు తీసుకున్నవారు సుమారు పది వేల మంది ఉంటారని అంచనా. మాస్కోలో ఆడవారి ఈత పోటీలు 13 జరిగితే 11 బంగారు పతకాలు ఆ చిన్న దేశానికే వెళ్లాయి. రికా గెలిచిన రెండు బ్యాక్‌స్ట్రోక్ పందేల్లో రెండవ స్థానం, మూడవ స్థానం కూడా ఆ దేశపు అమ్మాయిలవే.

చాలామంది ఈ కథను క్రీడల్లో జరిగిన మోసంగా చదువుతారు. ఆసుపత్రి పత్రికలో మనం ఇంకోలా చదవాలని నా అభిప్రాయం. ఎందుకంటే రికా అడిగింది. "ఈ మాత్రలు ఏమిటి?" అని కోచ్‌ను అడిగేదాన్నని, విటమిన్లు అని జవాబు వచ్చేదని ఆమె పెద్దయ్యాక బయటపెట్టింది. ఆ పిల్ల అమాయకంగా నోరు మూసుకుని మింగలేదు. ప్రశ్న వేసింది. జవాబు కూడా దొరికింది. ఆ జవాబే పనికిరానిది.

ఇక మన ఊళ్ల సంగతికి వద్దాం. జ్వరమని, నీరసమని వెళ్తే ఒక కాగితంలో నాలుగు బిళ్లలు పొట్లం కట్టి ఇస్తారు. "ఏమిటండీ ఇవి?" అంటే "బలానికమ్మా" అంటారు. చాలావరకు అవి నిజంగా మామూలు మందులే కావచ్చు. కానీ "బలానికి" అన్నది మందు పేరు కాదు. "విటమిన్లు" అన్నది ఎలా జవాబు కాదో ఇదీ అంతే. అట్ట లేకుండా విడిగా వచ్చిన బిళ్ల పేరు ఇంటికి వెళ్లాక ఎవరూ చెప్పలేరు. దాని వల్ల ఒళ్లంతా దద్దుర్లు వచ్చి మీరు అర్ధరాత్రి ఆసుపత్రికి పరుగెత్తితే, అక్కడి డాక్టరు అడిగే మొదటి ప్రశ్నకే మీ దగ్గర సమాధానం ఉండదు.

పిల్లవాడు సన్నగా ఉన్నాడని, ఆకలి లేదని, పెళ్లి చూపుల నాటికి అమ్మాయి కాస్త ఒళ్లు చేయాలని డెక్సామెథసోన్ బిళ్లలు వాడేవారున్నారు. అదీ స్టెరాయిడే. అయితే రికాకు ఇచ్చిన స్టెరాయిడ్ వేరు, ఇది వేరు. అది కండ పెంచే రకం, ఇది వాపును, అలర్జీని తగ్గించే రకం. సరైన జబ్బుకు డాక్టరు చెప్పిన మోతాదులో వాడితే ప్రాణం కాపాడుతుంది. లావు కావడానికి వాడితే ముఖం ఉబ్బుతుంది. దాన్నే ఇంట్లోవాళ్లు "రంగు తేలింది, బాగుపడ్డాడు" అని మురిసిపోతారు. లోపల బి.పి., షుగరు పెరుగుతాయి, ఎముకలు గుల్లబారతాయి, పిల్లలైతే ఎత్తు పెరగడం మందగిస్తుంది.

ఇది చదివి ఉబ్బసానికో, కీళ్ల జబ్బుకో, కిడ్నీ జబ్బుకో డాక్టరు రాసిన స్టెరాయిడ్‌ను రేపటి నుండి మానేయకండి. కొన్ని వారాలు వాడిన స్టెరాయిడ్ బిళ్లలను ఒక్కసారిగా ఆపితే, శరీరం తనంతట తాను చేసుకోవలసిన హార్మోను వెంటనే అందక మనిషి కుప్పకూలే ప్రమాదం ఉంది. డాక్టరును అడిగి, ఆయన చెప్పిన ప్రకారం తగ్గించుకుంటూ రావాలి.

డాక్టరును ప్రశ్నిస్తే అమర్యాద అని మన పెద్దలు అనుకుంటారు. కొందరు డాక్టర్లు, సిస్టర్లు కూడా ప్రశ్న వినగానే మొహం చిట్లిస్తారు, అది దాచవలసిన సంగతేమీ కాదు. ఓ.పి.లో వంద మంది వరుసలో ఉంటే విసుగు సహజమే. అయినా రోగి ప్రశ్న ఆ విసుగు కన్నా పెద్దది. మందు పేరేమిటి, దేనికోసం, ఎన్ని రోజులు, ఏ లక్షణం కనిపిస్తే వెంటనే ఆపి రావాలి అని అడగండి. జవాబు చీటీ మీద రాయించుకోండి. తూర్పు జర్మనీలో ఆ మందులు రాసినవారు, పర్యవేక్షించినవారు కూడా డాక్టర్లేనని మరచిపోకూడదు.

రికా ఈత ఎక్కువ కాలం సాగలేదు. 1982లో అండాశయాలకు వాపు వచ్చింది. తల్లి పట్టుబట్టి ఈత మాన్పించింది. దేశమంతా పతకాలు లెక్కపెట్టుకుంటుంటే బిడ్డ ఒంటిని చూసి "ఇక చాలు" అన్న ఆ తల్లి నాకు ఈ కథలో అందరికన్నా ఎక్కువగా నచ్చింది. పదిహేడేళ్లు దాటకముందే ఆ అమ్మాయి క్రీడా జీవితం ముగిసింది. తరువాతి కాలంలోనూ అండాశయాల్లో తిత్తులు, గర్భస్రావాలు ఆమెను బాధించాయి.

1989లో బెర్లిన్ గోడ కూలింది, మరుసటి ఏడాది రెండు జర్మనీలు ఒకటయ్యాయి. వెర్నర్ ఫ్రాంకే అనే శాస్త్రవేత్త, ఆయన భార్య, మాజీ క్రీడాకారిణి బ్రిగిట్టె బెరెండాంక్ కలిసి రహస్య పత్రాలను వెలికితీశారు. ఎవరికి ఎన్ని మిల్లీగ్రాములు ఇచ్చారో వాటిలో రాసి ఉంది. ఇచ్చినవారికి పేరు, మోతాదు అన్నీ తెలుసు. మింగినవారికే తెలియదు. 2000లో బెర్లిన్ కోర్టులో రికా సాక్ష్యం చెప్పింది. క్రీడాశాఖను నడిపిన మాన్‌ఫ్రెడ్ ఎవాల్డ్‌కు 22 నెలలు, డాక్టరు మాన్‌ఫ్రెడ్ హ్యోప్నర్‌కు 18 నెలలు శిక్ష పడింది. రెండు శిక్షల అమలునూ నిలిపివేశారు, ఇద్దరూ జైలుకు వెళ్లలేదు. బాధితుల కోసం జర్మనీ 2002లో ఒకసారి, 2016లో మరోసారి చట్టం చేసి పరిహారం ఇచ్చింది.

ఆమె పతకాలు వెనక్కి తీసుకోవాలా అన్న వాదన ఉంది. ఒలింపిక్ సంఘం తీసుకోలేదు, మాస్కో ఫలితాల్లో ఆమె పేరు అలాగే ఉంది. ఓడినవారికి అన్యాయం జరిగింది, అది కాదనలేం. కానీ పదిహేనేళ్ల పిల్ల అడిగితే విటమిన్ అని చెప్పి మింగించినవారి తప్పుకు ఆ పిల్ల మెడలోని పతకం తీయడం నాకు సమ్మతం కాదు.