ఏడేళ్ళు పోయాయి, ఒక్క నిమిషం దొరికింది

ఫెయిరీ టెయిల్ అనిమే మొదలుపెట్టినవాళ్ళలో చాలామంది ఒకేచోట తికమకపడతారు. గ్రాండ్ మ్యాజిక్ గేమ్స్ దగ్గర. బోరు కొట్టి కాదండీ, లెక్క తప్పి. ఇప్పుడు కథలో ఏ సంవత్సరం? శిక్షణకు ఉన్న మూడు నెలలూ ఏమైపోయాయి? ఇద్దరు లూసీలు ఎలా వచ్చారు? నాకు వచ్చే మెసేజీల్లో సగం ఇవే. అందుకని ఈ వారం ఆ క్యాలెండరు పట్టుకుని కూర్చుందాం. స్పాయిలర్లు దండిగా ఉంటాయి, ఇంకా చూడనివాళ్ళు ఇక్కడే దిగిపోవచ్చు.

తెలియనివాళ్ళకు రెండు ముక్కలు. హిరో మషిమా 2006 నుంచి 2017 దాకా గీసిన మాంగా ఇది, 63 సంపుటాలు. అనిమే 2009 అక్టోబరులో మొదలై 2019 సెప్టెంబరులో 328వ ఎపిసోడ్‌తో ముగిసింది. ఫియోరే అనే రాజ్యంలో మంత్రగాళ్ళు గిల్డులుగా ఏర్పడి, గోడమీద అంటించిన పనులు చేసుకుని బతుకుతుంటారు. అలాంటి గిల్డుల్లో ఒకటి ఫెయిరీ టెయిల్. పని సగం, పగలగొట్టేది సగం. ఇల్లు మాత్రం అదే.

అర పుష్కరం పైనే

కథలో ఎక్స్ 784 డిసెంబరు. గిల్డులో ముఖ్యులంతా పరీక్ష కోసం టెన్రో దీవికి వెళ్తారు. అక్నాలోజియా అనే డ్రాగన్ వచ్చి దీవినే లేపేస్తుంది. గిల్డు మొదటి మాస్టర్ మేవిస్ మంత్రం వాళ్ళని కాపాడుతుంది కానీ, కాలంలోనే ఆపేస్తుంది. కళ్ళు తెరిచేసరికి ఎక్స్ 791. వీళ్ళకి ఒక్కరోజు వయసు పెరగలేదు. బయట ఏడేళ్ళు గడిచిపోయాయి.

మా రాజమండ్రిలో పెద్దవాళ్ళు వయసుని పుష్కరాలతో కొలుస్తారు. "మూడు పుష్కరాలు చూశాన్రా" అంటే ఇక వాదించకూడదు. 2015 పుష్కరాల్లో నాన్న భుజమెక్కి గోదావరి చూసిన పిల్లాడు, 2027 పుష్కరాలకి మీసాలతో వస్తాడు. ఏడేళ్ళంటే అందులో సగం కన్నా ఎక్కువ. ఆ ఏడేళ్ళలో రాజ్యంలో మొదటి వరసలో ఉన్న ఫెయిరీ టెయిల్ చిట్టచివరికి పడిపోయింది. పాత భవనం పోయి ఓ మూల పాకలాంటి చోట గిల్డు నడుస్తోంది. సేబర్‌టూత్ అనే కొత్త గిల్డు నంబర్ వన్ అయ్యింది. చిన్నపిల్లాడు రోమియో పొడుగయ్యాడు. లూసీ తండ్రిని చూద్దామని వెళ్తే, ఆయన అప్పటికే చనిపోయాడు. ప్రతి ఏడాదీ కూతురి పుట్టినరోజుకి పంపిన కానుకలు మాత్రం ఆమె అద్దెగది దగ్గర కుప్పగా ఉన్నాయి.

ఆ సీను ఎక్కడో జపాన్‌లో రాసిందని నాకు అనిపించలేదు. కోనసీమలో, పాలకొల్లు, నరసాపురం వైపు ఊళ్ళలో, కువైట్‌కో మస్కట్‌కో ఇంటిపనికి వెళ్ళిన అమ్మలున్న ఇళ్ళు ఎన్నో. మా బంధువుల్లో ఒక పెద్దమ్మ అలాగే వెళ్ళి ఏళ్ళ తర్వాత వచ్చింది. సూట్‌కేసు తెరిచి కొడుక్కి చొక్కాలు తీసింది. ఒక్కటీ పట్టలేదు. తను వదిలివెళ్ళిన పిల్లాడి కొలతే ఆవిడ మనసులో ఉండిపోయింది. లూసీ తండ్రి పంపిన పెట్టెలు చూసినప్పుడు నాకు ఆ చొక్కాలే గుర్తొచ్చాయి.

ఒక్క పార్టీకి మూడు నెలలు

మళ్ళీ పైకి రావాలంటే ఏడాదికోసారి రాజధాని క్రోకస్‌లో జరిగే గ్రాండ్ మ్యాజిక్ గేమ్స్ గెలవాలి. గెలిస్తే నంబర్ వన్ పేరు, పైగా 3 కోట్ల జువెల్ బహుమతి. చేతిలో మూడు నెలలున్నాయి. శిక్షణ మొదలుపెట్టి సముద్రం ఒడ్డున ఆడుతూపాడుతూ ఉండగా, నక్షత్ర దేవతల లోకంలో విందుకి పిలుపొచ్చింది. ఒక్కరోజు తిని, తాగి, వెనక్కి వచ్చారు. అక్కడ ఒక రోజంటే ఇక్కడ మూడు నెలలట! పోటీకి ఐదు రోజులే మిగిలాయి.

నవ్వు కోసం పెట్టిన సీనే ఇది. కానీ రాత్రి "ఒక్క ఎపిసోడ్" అని ఫోను పట్టుకుని తెల్లారి సెమిస్టరు పరీక్షకి వెళ్ళినవాళ్ళకి నవ్వు కొంచెం తగ్గుతుంది.

సున్నా, ఒకటి, రెండు

ఇక ఆట. అర్ధరాత్రి అర్హత పోటీ, 113 జట్లలోంచి 8 మాత్రమే లోపలికి. ఫెయిరీ టెయిల్ రెండు జట్లు పెట్టింది. నాట్సు ఉన్న ఎ జట్టు దూరింది ఎనిమిదో స్థానంలో. అంటే తలుపు మూసే ముందు.

మొదటి నాలుగు రోజులూ రోజుకో ఆట, తర్వాత పోరాటాలు. ఆటలో మొదటి స్థానానికి 10 పాయింట్లు, తర్వాత 8, 6, 4, 3, 2, 1, చివరివాళ్ళకి సున్నా. మొదటిరోజు గ్రే చివర, జూవియా ఆ పైన. పోరాటాల్లో లూసీ ఓడింది, జెల్లాల్ ఓడాడు. రోజు ముగిసేసరికి ఎ జట్టుకి సున్నా, బి జట్టుకి ఒకటి. స్టేడియమంతా గేలి. సంక్రాంతికి భీమవరం వైపు బరుల దగ్గర జనాన్ని చూశారుగా, ఓడే పుంజుకి ఎవరూ చప్పట్లు కొట్టరు. అదే తీరు.

రెండోరోజు కదిలే బళ్ళ మీద పరుగు పందెం. నాట్సుకి బండెక్కితే వాంతులు. గజీల్‌కీ అంతే, సేబర్‌టూత్ స్టింగ్‌కీ అంతే. ముగ్గురూ చివర్లో పడుతూ లేస్తూ ఉంటారు. స్టింగ్ వదిలేస్తాడు, ఒకటో రెండో పాయింట్ల కోసం ఎందుకీ అవస్థ అని. నాట్సు మాత్రం పాకుతూ వెళ్తాడు. ఎందుకంటే, తాము లేని ఏడేళ్ళూ గిల్డు తలుపు మూయకుండా, అవమానాలు పడుతూ ఎదురుచూసినవాళ్ళు పైన గ్యాలరీలో కూర్చున్నారు. వాళ్ళకోసం. ఆరో స్థానం, రెండు పాయింట్లు. గ్యాలరీలో వాళ్ళు ఏడుస్తారు.

మూడోరోజు ఎర్జా ఒక్కతే వంద రాక్షసుల్ని పడగొడుతుంది. నాలుగోరోజు నాట్సు ఒంటరిగా స్టింగ్, రోగ్ ఇద్దరినీ ఓడిస్తాడు. ఒకరోజు విరామం, తర్వాత ఫైనల్, గెలుపు. యూట్యూబ్‌లో క్లిప్పులన్నీ వీటివే. నన్నడిగితే మొత్తం టోర్నమెంట్‌కి మూలస్తంభం ఆ రెండు పాయింట్లే. లాంగ్‌టర్మ్‌లో రెండో ఏడు కూర్చుని, క్లాస్‌మేట్ల కాలేజీ ఫొటోలు చూస్తున్న తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ! మొదటిరోజు పట్టిక చూసి లేచిపోవద్దు.

తలుపు వెనక

అసలు మలుపు ఇక్కడుంది. ఏటా ఈ ఆటలు పెట్టింది వినోదానికి కాదు. అంతమంది మంత్రగాళ్ళ శక్తిని కొంచెం కొంచెంగా లాగి ఎక్లిప్స్ అనే కాలద్వారాన్ని తెరవడానికి. 400 ఏళ్ళు వెనక్కి వెళ్ళి, జెరెఫ్ అనే దుష్టమాంత్రికుడు అమరుడు కాకముందే చంపేయాలని రాజ్యం పథకం.

ముహూర్తం జులై 7. ఎక్స్ 777లో నాట్సుని పెంచిన డ్రాగన్ మాయమైంది కూడా జులై 7నే. కొద్దిరోజుల తర్వాతి కాలం నుంచి ఒక లూసీ, ఏడేళ్ళ తర్వాతి కాలం నుంచి ఒక రోగ్ వెనక్కి వస్తారు. ఆమె ఆపడానికి, అతను వాడుకోవడానికి. గతాన్ని సరిచేద్దామని తెరిచిన తలుపులోంచి గతమే బయటికొస్తుంది. ఏడు డ్రాగన్లు. వెనక్కి వచ్చిన లూసీ, ఇప్పటి లూసీకి అడ్డుపడి చనిపోతుంది.

అప్పుడు అల్టియర్ అనే మంత్రగత్తె తన జీవితకాలమంతా ధారపోసి కాలాన్ని వెనక్కి తిప్పుతుంది. తలుపు తెరవకముందుకి వెళ్ళాలని ఆశ. యవ్వనమంతా ఇచ్చేస్తే వెనక్కి జరిగింది ఎంతో తెలుసా? ఒక్క నిమిషం. వృథా అయిపోయిందనుకుని కుమిలిపోతుంది. కానీ ఆ నిమిషంలోనే, చనిపోయినవాళ్ళు తమ చావుని ముందే కలలా చూసి పక్కకి తప్పుకుంటారు. గ్రే అలాగే బతుకుతాడు.

మషిమా ఈ కథలో పోయిన ఏడేళ్ళని ఎవరికీ తిరిగి ఇవ్వలేదు. లూసీ తండ్రి లేచి రాలేదు. రోమియో చిన్నప్పటి ఏళ్ళు వెనక్కి రాలేదు. పెద్ద లెక్క సరిచేద్దామని తలుపు తెరిచినవాళ్ళకి డ్రాగన్లు దొరికాయి. రెండు పాయింట్లకి పాకినవాడికి గిల్డు దొరికింది. మా పెద్దమ్మ కూడా ఆ చొక్కాల గురించి మళ్ళీ మాట్లాడలేదు. మర్నాడు కొడుకుని వెంటబెట్టుకుని టైలరు దగ్గరికి వెళ్ళి కొత్త కొలతలు ఇప్పించింది.

చూసేవాళ్ళకి చిన్న సలహా. 125 నుంచి 150 దాకా ఎపిసోడ్లు మాంగాలో లేని కథ, తొందరుంటే దాటేయండి. గేమ్స్ 151 తర్వాత మొదలై 200 దాటేదాకా సాగుతాయి. నాట్సు ఇద్దరినీ ఓడించేది 175లో. అది 2013 మార్చి 30న వచ్చింది. 176 వచ్చింది 2014 ఏప్రిల్ 5న. ఐదు రోజుల టోర్నమెంట్ మధ్యలో అభిమానులు ఏడాది పైన ఆగారు. మీకు మాత్రం ఐదు సెకన్లలో తర్వాతి ఎపిసోడ్ దానంతటదే మొదలైపోతుంది. ఆ ఒక్కచోట పాజ్ నొక్కి, ఎవరికైనా ఫోన్ చేయాల్సి ఉంటే చేసేయండి.