సంఘపు గుమాస్తా తగవు రైతుకు పట్టని సంగతా?

“సంఘములో గుమాస్తాను తీసివేసినారట” అని రచ్చబండ వద్ద ఎవరైన అన్నప్పుడు, “అది అధ్యక్షునికీ అతనికీ గల గొడవ, మనకెందుకు?” అని లేచిపోవువారిని నేను చాలమందిని చూచితిని. వ్యవసాయ శాఖవాడనగు నాకును దానితో పనిలేదని కొందరు అనవచ్చును. కాని విత్తనమనియు, ఎరువనియు, పదును అనియు మేము మీకు చెప్పు మాటలన్నియు కడకు సంఘపు గిడ్డంగి తలుపు వద్దకే వచ్చి ఆగును.

నేను పనిచేసిన ఒక మండలమున, వరి నాట్లు ముగిసి పైపాటుగా యూరియా వేయవలసిన అదనులో, ఒక సంఘమున సరుకు లెక్కకు 11 బస్తాలు తక్కువ వచ్చినవి. ఆ సాయంత్రమే గుమాస్తాను నోటిమాటతో “రేపటినుండి రావద్దు” అన్నారు. తాళములు తీసికొని రసీదు ఇమ్మని అతడు అడిగెను, ఇచ్చువారు లేరు. తాళములు అతనివద్దనే నిలిచినవి. ఈ-పాస్ యంత్రము తెరచుటకును అతని వేలిముద్రయే కావలెను. గిడ్డంగి నిండ బస్తాలున్నను పన్నెండు దినములు ఒక్క రైతుకైన అందలేదు. చేత పైకమున్నవారు బజారులో హెచ్చు ధరకు కొన్నారు. లేనివారి పైరు పసుపు పారినది. తుదకు నలుగురి యెదుట లెక్కించగా, 8 బస్తాలు పొరుగూరి ఉపకేంద్రమునకు పంపి చీటీ వ్రాయనివి, తక్కిన 3 సంచులు చినిగి కారిపోయినవి అని తేలినది.

గుమాస్తా నిర్దోషి అని నేననను. చీటీ వ్రాయకుండుట తప్పే. కాని ఆ తప్పునకు శిక్ష పడినది ఎవరికి?

ఇచ్చట చాలమంది పొరబడు విషయమొకటి కలదు. మన రెండు రాష్ట్రములలోను సంఘములకు ఆధారము 1964 నాటి సహకార సంఘముల చట్టము. వివాదమేదైనను 61వ సెక్షను క్రింద రిజిస్ట్రారు తీర్చునని తలచి అర్జీలు పెట్టుచుందురు. సంఘము తన జీతగానిపై తీసికొన్న క్రమశిక్షణ చర్య ఆ సెక్షను పరిధిలోనికి రాదని ఆ సెక్షనులోనే వ్రాసియున్నది. జీతభత్యములు, ఉద్యోగ నిబంధనల మార్పు కూడ సంఘ వ్యాపారమునకు సంబంధించిన వివాదములు కావని, అవి పారిశ్రామిక న్యాయస్థానము విచారింపదగినవని 1969లో సుప్రీంకోర్టు, మన రాష్ట్రపు సహకార సెంట్రల్ బ్యాంకుల వ్యాజ్యములో తీర్పు చెప్పినది. 1947 నాటి పారిశ్రామిక వివాదముల చట్టమునకు బదులు 2020 నాటి పారిశ్రామిక సంబంధముల స్మృతి 2025 నవంబరు 21 నుండి అమలులోనికి వచ్చినది. చట్టము పేరు మారినను, ఉద్యోగి మొదట పోవలసినది కార్మిక శాఖ రాజీ అధికారి వద్దకే.

డబ్బు సంగతి వేరు. సంఘమునకు నష్టము కలిగించినట్లు తేలిన, విచారణ జరిపి 60వ సెక్షను క్రింద వసూలు చేయవచ్చును. ఈ రెంటిని కలగలిపి, “డబ్బు కట్టు, లేదా ఉద్యోగము మానుకో” అని బేరమాడుట పాలకవర్గములకు అలవాటైనది. లెక్కల పుస్తకములు ఇంటికి తీసికొనిపోయి బేరము పెట్టు గుమాస్తాలును లేకపోలేదు. ఇద్దరివలనను నష్టపడునది వాటా ధనము కట్టిన మీరే.

నా అభిప్రాయములో, సస్పెన్షను ఉత్తరువు చేతికిచ్చిన నాడే, గ్రామోద్యోగి ఒకరు, సభ్యులిద్దరు సాక్షులుగా సరుకు, రొక్కము, పుస్తకములు, తాళములు అప్పగింత జరుగవలెను. ఆరోపణ వ్రాతమూలకముగా ఇచ్చి జవాబునకు గడువు ఇయ్యవలెను. ఫిర్యాదు చేసినవారే విచారణకు కూర్చుండరాదు. విచారణ సాగినన్నాళ్లు అతని పొట్టకు కొంత భత్యము ఇచ్చుట సంఘమునకు బరువే. కాని ఏండ్ల తరబడి సాగిన వ్యాజ్యము ఓడి బాకీ జీతమంతయు ఒక్కసారి చెల్లించుటకంటె అది ఎంతో తేలిక. పాలకవర్గము మారినప్పుడెల్ల పాతవారి మనుష్యులని సిబ్బందిని మార్చు ఊళ్లలో ఈ మాట ఎవరికి రుచించునో నాకు తెలియదు.

మహాజనసభలో లాభనష్టములు చదువునప్పుడు, సిబ్బంది వ్యాజ్యములు ఎన్ని నడచుచున్నవి, వకీళ్లకు ఎంత చెల్లించినారు అని కూడ అడుగుడు. ఈ ఖరీఫు సరుకు దిగకముందే మీ సంఘపు యంత్రములో రెండవ మనిషి వేలిముద్ర నమోదైనదో లేదో కార్యదర్శిని అడిగి చూడుడు.