మట్టి మనుషులు

పోల్ పాట్ నాయకత్వంలోని ఖ్మేర్ రూజ్ సేనలు 1975 ఏప్రిల్ 17న కంబోడియా రాజధాని నాంపెన్‌ను ఆక్రమించి జనాన్ని పొలాలకు తరిమేనాటికి సినీ దర్శకుడు రితీ పాన్ ఇంకా పిల్లవాడే. వాళ్లు ఏలిన దాదాపు నాలుగేళ్లలో అమ్మానాన్నలను పోగొట్టుకున్నాడు. ఆనాటి పాలకులు తీయించిన ఫిల్ములు మిగిలాయి. కాలువలు తవ్వుతున్న జనం, తట్టలు మోస్తున్న వరసలు వాటిలో కనిపిస్తాయి. ఆకలికి కన్నుమూసిన నాన్న మాత్రం ఎక్కడా లేడు. అందుకే 2013లో ‘ద మిస్సింగ్ పిక్చర్’ సినిమా కోసం పాన్ చిన్న చిన్న మట్టి బొమ్మలు చెక్కించి, వాటితోనే తన ఇంటి కథ చెప్పాడు. నటులకు డొక్కలు ఎండగట్టి ఆ ఆకలిని చూపించి ఉంటే నేను తల తిప్పుకునేవాణ్ని. కదలని ఆ మట్టి ముఖాల ముందు తిప్పుకోలేకపోయాను. అంతకు పదేళ్ల ముందు తీసిన ‘ఎస్-21’ డాక్యుమెంటరీ మరీ కలవరపెడుతుంది. బడిని జైలుగా మార్చిన టూల్ స్లెంగ్‌లో, పోల్ పాట్ బొమ్మలు గీయగలడని ప్రాణాలతో వదిలిన చిత్రకారుడు వాన్ నాథ్, నాటి కాపలావాళ్లను ఎదురుగా కూర్చోబెట్టి ఎందుకు చేశారని అడుగుతాడు. జవాబులు నీళ్లు నములుతాయి. కానీ ఒక కాపలావాడు ఖాళీ గదిలోకి నడిచి, లేని ఖైదీలను గద్దిస్తాడు, లేని తాళాన్ని తడిమి చూస్తాడు. నోరు దాచినదాన్ని చేతులు మరిచిపోలేదు! నేరానికి ఇంతకంటే గట్టి సాక్ష్యం నేను తెరమీద చూడలేదు. 2006లో పాన్ నాంపెన్‌లో బొఫానా కేంద్రం నెలకొల్పాడు. చెదిరిపోయిన కంబోడియా ఫిల్ములు, ఫొటోలు, గొంతులు అక్కడికి చేరుతున్నాయి. ఆ రోజులు ఎరగని పిల్లలు ఇప్పుడు అక్కడ కూర్చుని తమ తాతల ఊళ్లను చూస్తున్నారు.