రెండో ర్యాంకు

ర్యాంకుల పిచ్చి మన తెలుగువాళ్ళకి కొత్త కాదు. మన రోజుల్లో ఎంసెట్ ఫలితాలు వచ్చిన మర్నాడు పేపరు తిరగేసిన వాళ్ళెవరూ దాన్ని మరిచిపోలేరు. ఒకటో ర్యాంకు కుర్రాడి నోట్లో వాళ్ళమ్మ స్వీటు పెడుతున్న ఫొటో, దాని కింద కాలేజీ ప్రకటనలో ఒకటి, ఒకటి, ఒకటి అంటూ వరస! రెండో ర్యాంకు వాడి మొహం ఎవరికీ గుర్తుండదు. సముద్రాలు దాటి వచ్చినా ఈ పిచ్చిని ఆవకాయ జాడీతో పాటు సూట్‌కేసులో పెట్టి తెచ్చుకున్నాం. స్పెల్లింగ్ బీ, మ్యాథ్ పోటీలు, చివరికి మన బడిలో పద్యాల పోటీ అయినా సరే, "ఎలా చెప్పావమ్మా?" అని అడిగే ముందే "ఫస్టెవరు?" అని అడుగుతాం.

ఈ విషయం మీద నాలుగు మాటలు రాయాలని చాలాకాలంగా అనుకుంటున్నాం. అయితే ఉదాహరణకి పురాణాల్లోకి వెళ్ళటం లేదు. మనం ఉంటున్న ఈ షార్లెట్ ప్రాంతపు ఆటలోంచే ఒక మనిషిని తీసుకుంటున్నాం. పేరు మార్క్ మార్టిన్. స్టాక్ కార్ రేసింగ్ డ్రైవరు. 2013 సీజనుతో పోటీల నించి విరమించుకున్నాడు.

నాస్కార్ పేరెత్తగానే మనలో చాలామంది పెదవి విరుస్తారు. "గుండ్రంగా ఎడమవైపుకి తిరగటమేగా, అందులో చూడ్డానికేముంది?" అంటారు. అయిదు రోజులు ఆడి డ్రా అయిన టెస్టు మ్యాచిని మనం మెచ్చుకుంటుంటే మన అమెరికన్ కొలీగులు కూడా సరిగ్గా ఇలాగే మొహం పెడతారని గుర్తుంచుకోవాలి! 1948లో పుట్టిన ఈ సంస్థకి సంబంధించిన టీముల షెడ్లు చాలావరకు మన కాన్‌కర్డ్, మూర్స్‌విల్ చుట్టుపక్కలే ఉన్నాయి. 2010లో తెరిచిన హాల్ ఆఫ్ ఫేమ్ మన అప్‌టౌన్‌లోనే ఉంది. మన ఊరి ఆట గురించి మనకి కాస్తయినా తెలియకపోతే ఎలా?

ముందు ఈ ఆటలో పాయింట్ల లెక్క చెప్పాలి. మేము ఇంజనీర్లం కాబట్టి మాకు బాగా నచ్చింది అదే. 1975లో పెట్టిన పద్ధతి ప్రకారం ఒక రేసులో గెలిచినవాడికి 175 పాయింట్లు, రెండోవాడికి 170, మూడోవాడికి 165. ఒక్క ల్యాపైనా ముందు నడిచినవాడికి అదనంగా 5, అందరికంటే ఎక్కువ ల్యాపులు ముందు నడిచినవాడికి మరో 5. సీజనంతా ఇలా కూడుకుంటూ పోతే ఎవరికి ఎక్కువ వస్తే వాడు ఛాంపియన్. ఒక ఆదివారం గెలిచి మరుసటి ఆదివారం గోడకి గుద్దుకునేవాడికి ఈ పద్ధతిలో టైటిల్ దక్కటం కష్టం. ప్రతివారం ముందు వరసలో నిలబడేవాడిదే పైచేయి. 2004లో సీజను చివరి రేసులకి వేరే పద్ధతి వచ్చేదాకా దాదాపు ముప్ఫై ఏళ్ళు ఇదే లెక్క నడిచింది. మార్టిన్ కెరీర్‌లో పెద్దభాగం ఆ కాలంలోనిదే.

మార్టిన్ 1959లో ఆర్కన్సా రాష్ట్రంలోని బేట్స్‌విల్ అనే చిన్న ఊళ్ళో పుట్టాడు. మధ్య పశ్చిమ రాష్ట్రాల్లో పేరున్న ఎ.ఎస్.ఎ. రేసుల్లో 1978, 1979, 1980లలో వరుసగా మూడేళ్ళు ఛాంపియన్. మన భాషలో చెప్పాలంటే ఇరవై ఒక్క ఏళ్ళకే జిల్లా ఫస్టు, స్టేట్ ఫస్టు అన్నీ అయిపోయాయి. 1981లో నాస్కార్ పెద్ద సిరీస్‌లో అడుగుపెట్టాడు. 1982లో సొంత టీముతో సీజనంతా తిరిగాడు. ఆ ఏడాది కొత్త డ్రైవర్లకిచ్చే బహుమతిలో రెండోవాడుగా మిగిలాడు. డబ్బు చాలక టీము నిలవలేదు. 1983లో ఇంకొకరి కారు నడపటానికి కుదిరాడు, ఏడు రేసులకే ఆ ఉద్యోగం ఊడింది. అప్పటికి అతని వయసు ఇరవై నాలుగు.

మనవాళ్ళయితే ఏమంటాం? "చెప్తే విన్నాడా, హాయిగా ఏదో ఉద్యోగం చూసుకోక" అంటాం. అతను మాత్రం వచ్చిన దారినే వెనక్కి వెళ్ళి మళ్ళీ ఎ.ఎస్.ఎ. రేసుల్లో దిగాడు. 1986లో అక్కడ నాలుగోసారి ఛాంపియన్ అయ్యాడు. 1988లో జాక్ రౌష్ నాస్కార్‌లో కొత్తగా టీము పెడుతూ అతన్ని తీసుకున్నాడు. ఈ రౌష్ గణితంలో మాస్టర్స్ చేసి ఫోర్డ్ కంపెనీలో ఇంజనీరుగా పనిచేసినవాడు. మరుసటి ఏడాది, 1989 అక్టోబరులో, మన రాష్ట్రంలోనే రాకింగ్‌హామ్‌లో మార్టిన్ తన మొదటి కప్ రేసు గెలిచాడు. పెద్ద సిరీస్‌లో అడుగుపెట్టిన ఎనిమిదేళ్ళకి!

ఇక 1990. ఫిబ్రవరిలో రిచ్‌మండ్ రేసు గెలిచాడు. తర్వాత తనిఖీలో కార్బ్యురేటర్ కింద ఉండే స్పేసర్ అర అంగుళం మందం ఎక్కువగా ఉందని తేలింది. విచిత్రమేమిటంటే ఆ ముక్కని బోల్టులతో బిగించకుండా మానిఫోల్డ్‌కి వెల్డింగ్ చేసి ఉంటే అదే ఎత్తు నిబంధనల ప్రకారం చెల్లేది. గెలుపుని గెలుపుగానే ఉంచారు కాని, 40 వేల డాలర్ల జరిమానా వేసి 46 పాయింట్లు కోసేశారు. నవంబరులో సీజను ముగిసేసరికి డేల్ ఎర్న్‌హార్ట్ ఛాంపియన్, మార్టిన్ రెండోవాడు. తేడా 26 పాయింట్లు. 46 లోంచి 26 తీసెయ్యటం మన బాలబడి పిల్లలకి కూడా వచ్చు. ఆ లెక్కని అతను ఎన్ని రాత్రులు వేసుకుని ఉంటాడో ఆలోచించండి.

అక్కడితో అయిపోలేదు. 1994లో మళ్ళీ ఎర్న్‌హార్ట్ తర్వాత రెండోవాడు. 1998లో ఏడు రేసులు గెలిచాడు, కాని అదే ఏడాది జెఫ్ గార్డన్ 13 గెలిచాడు! ఆ ఆగస్టులోనే విమాన ప్రమాదంలో తండ్రిని, సవతి తల్లిని, చెల్లెల్ని పోగొట్టుకున్నాడు. ఆ నెలలోనే బ్రిస్టల్‌లో రేసు గెలిచి తండ్రికి అంకితం చేశాడు. 2002లో టోనీ స్టువర్ట్ తర్వాత రెండోవాడు, తేడా 38 పాయింట్లు. 2007లో అన్నిటికంటే పెద్ద రేసు అయిన డేటోనా 500లో కెవిన్ హార్విక్ అతన్ని దాటింది సెకనులో యాభయ్యో వంతు తేడాతో. మనం కన్ను ఆర్పే లోపల అయిపోయే కాలం అది. చివరికి 2009లో, యాభై ఏళ్ళ వయసులో, కాన్‌కర్డ్‌లోని హెండ్రిక్ టీముకి నడిపి అయిదు రేసులు గెలిచాడు. వరుసగా నాలుగోసారి ఛాంపియన్ అయిన జిమ్మీ జాన్సన్ తర్వాత మళ్ళీ రెండోవాడు. మొత్తం అయిదుసార్లు ద్వితీయ స్థానం. ప్రథమ స్థానం ఒక్కసారీ రాలేదు. డేటోనా 500 కూడా ఎన్నడూ దక్కలేదు.

మరి నైపుణ్యం తక్కువా? కానే కాదు. ఐరాక్ అని ఇంకో పోటీ ఉండేది. రకరకాల రేసుల్లోని మేటి డ్రైవర్లని పిలిచి, అందరికీ ఒకేలా తయారుచేసిన కార్లిచ్చి నడపమనేవారు. కారు బలం కాకుండా చేతి బలం తేలే పోటీ అది. అందులో మార్టిన్ అయిదుసార్లు ఛాంపియన్, అది రికార్డు. కప్ సిరీస్‌లో 882 రేసులు నడిపి 40 గెలిచాడు, 453 సార్లు మొదటి పదిమందిలో నిలిచాడు. అంటే ముప్ఫై ఏళ్ళ పైచిలుకు, రెండు రేసులకి ఒకటి కంటే ఎక్కువగా! 2017లో హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేర్చారు. ఛాంపియన్ కాలేదన్న కారణం అక్కడ అడ్డం రాలేదు.

ఇంకొక్క సంగతి మాకు అన్నిటికంటే పెద్దదిగా కనిపిస్తుంది. మాట్ కెన్సెత్ అనే విస్కాన్సిన్ కుర్రాడిలోని పస గుర్తించి, రౌష్ టీములోకి రావటానికి సాయపడి, దగ్గరుండి మెళకువలు నేర్పింది మార్టినే. ఆ కెన్సెత్ 2003లో ఛాంపియన్ అయ్యాడు. రౌష్‌కి అదే మొదటి కప్ టైటిల్. పదిహేనేళ్ళు తను వెతికినదాన్ని తన చేతులతో తీర్చిదిద్దినవాడు పట్టుకుపోయాడు. శిష్యుడి చేతిలో ఓడిపోవాలని గురువు కోరుకోవాలంటారు మన పెద్దలు. చెప్పటం తేలికే, అనుభవించటం ఎంతమందికి చేతనవుతుంది?

ఇక్కడ కొందరు ఒక ప్రశ్న వేస్తారు. "ఇదంతా ఓడిపోయినవాళ్ళకి ఊరట కబురు కాదూ? ఇక్కడి బళ్ళలో ఆటలో చేరిన ప్రతివాడికీ ట్రోఫీ ఇస్తున్నట్టు మనమూ ఇవ్వాలంటారా?" న్యాయమైన ప్రశ్నే. మా జవాబు, ఇవ్వక్కర్లేదు. మార్టిన్ రెండో స్థానం కోసం ఎప్పుడూ నడపలేదు, ప్రతి రేసూ గెలవటానికే నడిపాడు. డ్రైవర్లకి వ్యాయామం ఎందుకని చాలామంది అనుకునే రోజుల్లోనే బరువులెత్తి శరీరాన్ని కాపాడుకున్నాడు. యాభయ్యో ఏట అయిదు రేసులు గెలవటం ఊరికే రాలేదు. పోటీ ఉండాలి, మొదటివాడికి మొదటి బహుమతి ఉండాలి. మా పేచీ అంతా ఆ తర్వాతి లెక్క గురించే. నాస్కార్ లెక్కలో మొదటివాడికి 175, రెండోవాడికి 170. మన ఇళ్ళల్లో లెక్కేమో మొదటివాడికి 175, రెండోవాడికి సున్న!

ఈ సున్నకి ఫలితం వారమంతా కోడు రాసి ఆదివారం గుణింతాలు దిద్దించే మాలాంటి వలంటీర్లకి బాగా తెలుసు. అయిదారేళ్ళ పిల్లలతో బాలబడి కిటకిటలాడుతుంది. పన్నెండు, పదమూడేళ్ళు వచ్చేసరికి పెద్ద క్లాసులో నలుగురో అయిదుగురో మిగులుతారు. హోంవర్కు, సాకర్, ఆర్కెస్ట్రా... కారణాలు చాలా ఉన్నాయి, కాదనం. కాని మానేసిన పిల్లల్ని నెమ్మదిగా కదిపి చూస్తే చాలామంది నోట వచ్చే మాట ఒకటే, "నాకు తెలుగు బాగా రాదు." ఎవరు చెప్పారు వీళ్ళకి? తప్పుల్లేకుండా పద్యం చెప్పే పక్కింటి పాపతో ప్రతి వార్షికోత్సవం తర్వాత పోల్చి పోల్చి మనమే చెప్పాం. తాతయ్యతో ఫోనులో తడబడుతూ అయినా పది నిమిషాలు మాట్లాడే పిల్లవాడికి ఏ పోటీలోనూ బహుమతి రాదు. మన బడి పెట్టుకున్నది మాత్రం ఆ పది నిమిషాల కోసమే కదా!

అందుకని మూడు పనులు చేద్దామంటాం. ఒకటి, పోటీల బహుమతులు అలాగే ఉంచి, వాటితో పాటు సంవత్సరాల లెక్క కూడా పెడదాం. మూడేళ్ళు, అయిదేళ్ళు, ఎనిమిదేళ్ళు మానకుండా వచ్చిన పిల్లల్ని వార్షికోత్సవంలో వేదిక మీదకి పిలుద్దాం. రెండు, మధ్యలో మానేసినవాళ్ళకి తలుపు తీసి ఉంచుదాం. ఇరవై నాలుగేళ్ళకి బయటపడినవాడు ఇరవై తొమ్మిదేళ్ళకి తిరిగొచ్చి పాతికేళ్ళు నడిపాడు. పదమూడేళ్ళకి మానేసిన పిల్ల పదహారేళ్ళకి వస్తే, పసిపిల్లల పక్కన కూర్చోబెట్టి చిన్నబుచ్చకుండా ఆమెకి తగిన క్లాసు ఏర్పాటు చేద్దాం. పెద్ద పిల్లల్ని చిన్న క్లాసులకి సహాయ ఉపాధ్యాయులుగా పెడదాం. నేర్పుతుంటే తమకి ఎంత వచ్చో వాళ్ళకే తెలుస్తుంది. మూడోది తల్లిదండ్రుల చేతిలో పని. బడి నించి ఇంటికెళ్ళే కారులో "ఫస్టెవరు?" అన్న మాట మానేసి, "ఇవాళ ఏం చెప్పుకున్నారు?" అని తెలుగులో అడుగుదాం.

వీటిలో మొదటి రెండిటికీ కమిటీ ఒప్పుకోవాలి, కాస్త ఖర్చూ ఉంది. మూడోదానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు. ఒప్పుకోనివాళ్ళు ఆదివారం క్లాసులయ్యాక టీ దగ్గరికి రండి, వాదించుకుందాం. వచ్చేటప్పుడు పిల్లల్ని కూడా తీసుకురండి. వాళ్ళ అభిప్రాయం వాళ్ళ తెలుగులోనే, ఎన్ని తప్పులున్నా సరే, చెప్పనిద్దాం.