పద్యనాటకము నేర్పిన నాలుక

మన పల్నాటి దాచేపల్లిలో జన్మించిన ధూళిపాళ సీతారామశాస్త్రిగారి ముఖము టెలివిజను ఉన్న ప్రతి తెలుగింటికిని పరిచితమే. శ్రీకృష్ణపాండవీయము (1966), దానవీరశూరకర్ణ (1977) అను చిత్రములలో శకుని వారే. ఆ శకుని యే బడిలో మాటలాడ నేర్చెనో మాత్రము నేటి బాలురలో పెక్కుమంది యెరుగరు. ఆ బడి పద్యనాటకము.

అది సులభమైన బడి కాదు. హార్మోనియము శ్రుతి విడువక పద్యమును రాగయుక్తముగా పాడవలెను. రాగము కొరకు మాట చెడరాదు. పందిరి చివర చాపమీద కూర్చున్న రైతునకు సైతము ప్రత్యక్షరము వినబడవలెను. ఒత్తు జారినచో సభ ఊరకుండదు; మెచ్చినచో ‘వన్స్‌మోర్’ అని కేకవేయును, నటుడు మరల పాడవలెను.

భీష్మ (1962), నర్తనశాల (1963) చిత్రములలో దుర్యోధనుడై శాస్త్రిగారు వెండితెరపై నిలిచిరి. అచ్చట పద్యము పాడుటకు నేపథ్యగాయకుడు కలడు. మైక్రోఫోను చెంతనే యుండును. ‘వన్స్‌మోర్’ లేదు, చప్పట్లు లేవు. రంగస్థలమున నటునకు కీర్తి తెచ్చిన గానము తెరపై అక్కరకు రాలేదు. ఇక మిగిలినదేమి? నాలుక మిగిలినది. శకుని మాటలను గమనింపుడు: స్వరము తగ్గినది, నడక మందగించినది, ఒక్క యక్షరమైనను నలుగలేదు. గట్టిగా పలుక నేర్చినవాడే మెల్లగా పలికియు వినిపింపగలడని నా యభిప్రాయము.

ఇప్పుడు మన సంగతి చూతము. పాఠశాలల వార్షికోత్సవములలో పిల్లలు రికార్డు పాటకు పెదవులు కదల్చి దిగిపోవుచున్నారు. తలిదండ్రులు సెల్‌ఫోనులలో చిత్రములు తీసికొని సంతసించుచున్నారు. ఆ పిల్లలే ఆదివారారాధనలో వాక్యము చదువ నిలిచినచో స్వరము మూడవ బల్లను దాటదు. ముఖము చూపుట నేర్పితిమి గాని మాట వినిపించుట నేర్పలేదు. ఈ లోపము పిల్లలది కాదు, ఉపాధ్యాయులమైన మాది.

పౌరాణిక నాటకము మన విశ్వాసమునకు చెందినది కాదని కొందరు పెద్దలందురు. వారికి వినుకొండ కవి జాషువాను జ్ఞాపకము చేయుదును. క్రైస్తవకుటుంబమున పెరిగిన ఆ మహాకవి శ్మశానపద్యములను హరిశ్చంద్ర నాటకమున కాటిసీనులో నటులు పాడగా ఆంధ్రదేశము కన్నీరు పెట్టినది. ఆయన ‘క్రీస్తు చరిత్ర’కు 1964లో సాహిత్య అకాడమీ బహుమానము లభించినది. పద్యమునకు మతభేదము లేదు. నాటకములవలన చదువు చెడుననువారి భయమును నేను త్రోసివేయను. రాత్రి జాగరణములు, సమాజముల అప్పులు పెక్కు కుటుంబములను బాధించినమాట నిజమే. పిల్లలను నటులను చేయుమని నేను కోరుట లేదు.

నేను కోరునది స్వల్పము. వచ్చు వార్షికోత్సవమున అరగంట కాలము రికార్డు పాట లేకుండ విడువుడు. ‘తప్పిపోయిన కుమారుడు’ కథను పిల్లలు నాటకముగా ఆడుదురు; ‘క్రీస్తు చరిత్ర’ నుండి నాలుగు పద్యములు చదువుదురు. మైక్రోఫోను వలదు. తలిదండ్రులారా, మీరు చివరి వరుసలో కూర్చుండుడు. మాట మీకు వినబడినచో ‘వన్స్‌మోర్’ అనుడు. వినబడనిచో మరునాడు మమ్ము వచ్చి అడుగుడు.