డబ్బు కడితే కేసు పోతుందా?

స్టెర్లింగ్ బయోటెక్ బ్యాంకు మోసం కేసులో విదేశాలకు వెళ్లిపోయిన సందేసరా సోదరులు రూ.5,100 కోట్లు కడితే క్రిమినల్ కేసులు ముగిస్తామని 2025 నవంబరులో సుప్రీంకోర్టు చెప్పింది. ఇతర కేసులకు దీన్ని ఉదాహరణగా తీసుకోవద్దనీ అంది. అయినా, ఊళ్లో స్థలం కొని మోసపోయిన ప్రవాసులకు ‘మనమూ రాజీపడితే పోలా’ అనిపించడం సహజం.

మోసం కేసులో కోర్టు అనుమతితో బాధితులు రాజీపడవచ్చు. ఫోర్జరీకి ఆ వీల్లేదు, హైకోర్టుకే వెళ్లాలి. గొడవ ప్రధానంగా సివిల్ స్వభావానిదైతే కేసు కొట్టేయవచ్చని 2012 జ్ఞాన్‌సింగ్ తీర్పు చెబుతోంది. కానీ గుజరాత్‌లో నకిలీ పత్రాలతో భూమి బదిలీ చేశారన్న కేసులో, ఫిర్యాదుదారు రాజీపడ్డా 2017లో సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు.

రాజీ తప్పని నేననను. సెలవులు పెట్టి వాయిదాలకు తిరగలేని వారికి అసలు దక్కడమే ఊరట. అయితే అదే స్థలాన్ని మరో నలుగురికి అమ్మినవాడు మనకొక్కరికే చెల్లించి బయటపడితే మిగతావారి గతేమిటి? సంతకానికి ముందు ఆ సంగతి విచారించండి. చెక్కును నమ్మకండి, సొమ్ము ఖాతాలో పడ్డాకే కోర్టులో ఒప్పుకోండి.