దండ తేదీకే, వెట్టి ఊసెక్కడ?

జులై 4 వస్తుంది. పత్రికలో ఓ మూల 'చరిత్రలో ఈ రోజు' అని బాక్సు కడతారు. 1776: అమెరికా స్వాతంత్ర్య ప్రకటన. 1897: అల్లూరి సీతారామరాజు జననం. 1902: వివేకానందుడి నిర్యాణం. 1946: దొడ్డి కొమరయ్య మరణం. 1963: పింగళి వెంకయ్య మరణం. తలా ఒక వరుస. కింద రాశిఫలాలు, పక్కన చీరల షాపు ప్రకటన. చరిత్రను అవమానించడానికి ఇంతకంటే చవకైన దారి నాకు కనబడలేదు.

ఈ ఐదింటికీ ఉన్న చుట్టరికమేమిటి? భూమి సూర్యుడి చుట్టూ తిరిగి మళ్లీ ఆ చోటికి రావడం. అంతే. ఆ మాత్రం దానికే 'ఒకే రోజున ఎన్ని విశేషాలో' అని వాట్సాప్‌లో పొద్దున్నే దణ్ణాలు, దీపాలు!

తేదీల మీద ఈ మోజు మనకొక్కరికే ఉందనుకోకండి. 1826 జులై 4న, స్వాతంత్ర్య ప్రకటనకు సరిగ్గా యాభై ఏళ్లు నిండిన రోజున, థామస్ జెఫర్సన్, జాన్ ఆడమ్స్ కొన్ని గంటల తేడాతో కన్నుమూశారు. ఇది దైవ సంకల్పమేనని అమెరికా పెద్దలు పరవశించి ఉపన్యాసాలు దంచారు. ఆర్నెల్లు తిరిగాయి. 1827 జనవరిలో, జెఫర్సన్ చేసిపోయిన అప్పులు తీర్చడానికి, ఆయన మాంటిసెల్లో ఎస్టేటులో 130 మంది బానిసలను వేలానికి పెట్టారు. మనుషులంతా సమానంగానే పుట్టారని రాసిన చెయ్యి ఆయనదే. ఆ వేలంలో దేవుడి సంకల్పమేమిటో చెప్పిన ఉపన్యాసకుడు లేడు. 1852లో రోచెస్టర్‌లో మాట్లాడమని పిలిస్తే ఫ్రెడరిక్ డగ్లస్ జులై 4న కాక 5న వేదికెక్కాడు. ఈ పండగతో బానిసకేం పనని సభను నిలదీశాడు. తేదీకి దణ్ణం పెట్టనన్నవాడు కాబట్టి నాకు ఆయనంటే గౌరవం.

మన సంగతికి వద్దాం. సీతారామరాజు పుట్టిన తేదీ బాక్సులో ఉంది సరే, ఆయన తుపాకి ఎందుకు పట్టాడు? 1882 మద్రాసు అటవీ చట్టం వచ్చాక మన్యంలో పోడు కొట్టుకోవడం నేరమైంది. పశువుల మేత నేరం, కట్టెలు కొట్టడం నేరం. పైగా గూడెం డిప్యూటీ తహసీల్దారు బాస్టియన్ కొండవాళ్లను తోలుకెళ్లి రోడ్డు పని చేయించాడు, కూలి ఎగ్గొట్టాడు. అడిగినవాడికి దెబ్బలు. గాం గంటందొర, మల్లుదొర రాజు వెంట నడిచింది ఈ మంటతోనే. 1922 ఆగస్టు 22న చింతపల్లి ఠాణా, మర్నాడు కృష్ణదేవిపేట, ఆ మర్నాడు రాజవొమ్మంగి. మూడు ఠాణాల్లో కలిపి 26 తుపాకులు. పట్టుకుపోయిన సామాను పట్టీ రాసి, కింద సంతకం పెట్టి మరీ వెళ్లాడు రాజు. దొంగకు సంతకంతో పనిలేదు. లెక్క ఎగ్గొట్టే సర్కారుకు లెక్కంటే ఏమిటో చూపించడమది.

ఇక కొమరయ్య. ఆనాటి నల్గొండ జిల్లా, జనగామ తాలూకా, కడవెండి. విసునూరు దేశ్‌ముఖ్ రామచంద్రారెడ్డి కింద నలభై వేల ఎకరాలు. చాకలి బట్టలుతకాలి, కుమ్మరి కుండలివ్వాలి, మాదిగ చెప్పులు కుట్టాలి, గౌడు కల్లు పోయాలి, కురుమ గొర్రెను తోలాలి. అన్నీ ఉచితమే. దొర మేనా కదిలితే ముందు పరుగెత్తేవాడికీ, మోసేవాడికీ గుక్కెడు గంజికి కూడా పూచీ లేదు. ఆ ఊళ్లో ఆంధ్ర మహాసభ సంఘం లేచింది. వెట్టి చెయ్యబోమంది. దొర మనుషుల ఆగడాలకు ఎదురుతిరిగి జనం కర్రలు పట్టుకుని ఊరేగింపుగా గడీ వైపు నడిచారు. అక్కణ్నుంచి తుపాకులు పేలాయి. ముందు వరసలో ఉన్న కురుమ యువకుడు కొమరయ్య కడుపులో తూటా దిగి కూలిపోయాడు. అన్న మల్లయ్య గాయపడ్డాడు. జనం పారిపోలేదు, కాల్చినవాళ్ల వెంటపడ్డారు.

1922కీ 1946కీ మధ్య 24 ఏళ్లు. అక్కడ మద్రాసు సర్కారు, ఇక్కడ నిజాం ఏలుబడిలోని దేశ్‌ముఖ్. చేసింది మాత్రం ఒక్కటే: మనిషి చేత పని చేయించుకుని మూల్యం ఇవ్వకపోవడం, అడిగితే కొట్టడమో కాల్చడమో. రాజునూ కొమరయ్యనూ నిజంగా కలిపేది వెట్టి. బాక్సులో ఇద్దరూ ఉంటారు, వెట్టి ఉండదు. కలవని దాన్ని కలిపి, కలిసినదాన్ని మింగేసే విద్య ఇది.

ఇదేదో చోటు చాలక జరుగుతున్నదని నేను నమ్మను. తేదీ అంటే ఎవరికీ నొప్పి లేదు. పోడు అంటే నొప్పి. 2006లో అటవీ హక్కుల చట్టం వచ్చాక కూడా పట్టా కోసం కార్యాలయాల చుట్టూ తిరిగే గిరిజనులున్నారు. వాళ్ల ముందు సీతారామరాజు ఎందుకు తిరగబడ్డాడో చెబితే మైకు పట్టుకున్న నాయకుడికే ఎదురు ప్రశ్న పడుతుంది. కాబట్టి పుట్టిన తేదీ చెప్పి, క్రేన్‌తో గజమాల వేయించి దిగిపోవడమే క్షేమం. 2022 జులై 4న భీమవరంలో 30 అడుగుల కంచు విగ్రహం లేచింది. పోడు అన్న మాటకు పత్రికలో అరంగుళం లేచిందా? ఆపైన కులసంఘాలు: రాజు మావాడని ఒకవైపు క్షత్రియులు, కొమరయ్య మావాడని మరోవైపు కురుమలు. ఫ్లెక్సీల్లో పోరాటం పోయి బంధుత్వం మిగిలింది. పింగళి వెంకయ్య సంగతి ఇంకా ఘోరం. పేదరికంలోనే పోయిన మనిషికి 2009లో తపాలా బిళ్ల వేసి చేతులు దులుపుకున్నాం.

పోటీ పరీక్షల బిట్లు ఈ రోగాన్ని ముదరబెట్టాయి. కొమరయ్య అమరుడైన తేదీకి ఒక మార్కు. ఆయన్ను ఎవరు, ఎందుకు కాల్చారన్నది నాలుగు ఆప్షన్లలో ఇమడదు, కాబట్టి కుర్రాడు దాని జోలికే పోడు.

తేదీ లేనివాళ్ల మాటేమిటి? తెలంగాణ సాయుధ పోరాటంలో నాలుగు వేల మంది దాకా చనిపోయారని ఆ పోరాటం నడిపినవాళ్లు లెక్క చెప్పారు. క్యాలెండర్‌లో చోటు దొరికింది ఎంతమందికి? అండమాన్ జైలుకెళ్లొచ్చిన మల్లుదొర 1952లో విశాఖపట్నం నుంచి లోక్‌సభకు గెలిచాడు. ఆయన జయంతి ఎవరైనా చేయగా చూశారా? తరాల పాటు సాగిన వెట్టికి ఫలానా తేదీ అంటూ లేదు. అది రోజూ జరిగింది, అందుకే ఏ రోజు కిందా పడలేదు.

గుర్తు చేసుకోవడమూ తప్పేనా అని ఒక మిత్రుడు అడగనే అడుగుతాడు. చేసుకోండి, ఎవరొద్దన్నారు? కారణంతో సహా చేసుకోండి.

పేజీలు కట్టే సోదరులారా, వచ్చే జులై 4న ఒక్క పని చేయండి. గూడెం రోడ్డుకు కూలి ఎగ్గొట్టిందెవరో, కడవెండిలో ఊరికే గొర్రెను అడిగిందెవరో రెండు వాక్యాల్లో రాయండి. చోటు చాలకపోతే అమెరికా వరుస తీసేయండి. వాళ్ల పండగ వాళ్లు చేసుకుంటారు.